సర్వసమానత్వం

ఒక సమతలంలో రెండు ఆకారాలున్నాయనుకుందాం. ఒకదాన్ని జరిపి, తిప్పి, అవసరమైతే బోర్లించి రెండోదాని మీద పెట్టినప్పుడు, ఎక్కడా పొడుచుకు రాకుండా, ఎక్కడా చాలకుండా పోకుండా సరిగ్గా అమిరితే అవి సర్వసమానాలు. ఆ సంబంధమే సర్వసమానత్వం. జరిపే ఆకారాన్ని సాగదీయకూడదు, కుదించకూడదు, వంచకూడదు. ఇంకా కచ్చితంగా చెప్పాలంటే, అందులోని ఏ రెండు బిందువుల మధ్య దూరమూ మారకూడదు.

తెలుగువాళ్లకు ఈ భావం బడిలో కొత్తగా పుట్టేది కాదు. కొడుక్కి తండ్రి పోలికలు పూర్తిగా వస్తే "అచ్చు గుద్దినట్టున్నాడు" అంటాం. ఆ మాట వింటే ఇటుకల బట్టీ, అద్దకం పని గుర్తుకొస్తాయి. ఒకే అచ్చులోంచి తీసిన పచ్చి ఇటుకలను వరసగా పేరిస్తే దేన్ని ఎక్కడ పెట్టినా తేడా తెలియదు. గణితం మాట్లాడేది ఎండకు కుంచించుకుపోని, బట్టీలో వంకర తిరగని ఇటుక గురించి. సర్వసమానత్వానికి గుర్తు ≅.

సర్వసమానం అన్న పేరు చక్కగా కుదిరింది. సమానం వేరు, సర్వమూ సమానం కావడం వేరు. 40 అడుగుల పొడవు, 40 అడుగుల వెడల్పు ఉన్న స్థలానికీ 80 అడుగుల పొడవు, 20 అడుగుల వెడల్పు ఉన్న స్థలానికీ వైశాల్యం ఒకటే, 1600 చదరపు అడుగులు. ఇల్లు కట్టుకోబోయేవాడిని అడిగితే రెండూ ఒకటి కావని వెంటనే చెబుతాడు. వైశాల్యంతో పాటు చుట్టుకొలత కూడా కలిస్తే చాలుతుందా? చాలదు. భుజాలు 29, 29, 40 ఉన్న త్రిభుజాన్నీ 37, 37, 24 ఉన్న త్రిభుజాన్నీ తీసుకోండి. రెండింటి చుట్టుకొలత 98, రెండింటి వైశాల్యం 420. అయినా మొదటిది వెడల్పుగా పరుచుకుని ఉంటుంది, రెండోది నిటారుగా లేచి ఉంటుంది. ఒకదాన్ని రెండోదాని మీద ఎలా పెట్టినా కప్పదు.

కొన్ని ఆకారాల విషయం తేలిగ్గా తేలిపోతుంది. పొడవు ఒకటైతే రేఖాఖండాలు సర్వసమానాలు. వ్యాసార్థం ఒకటైతే వృత్తాలు, ఒక్క భుజం ఒకటైతే చతురస్రాలు, పొడవు వెడల్పులు రెండూ ఒకటైతే దీర్ఘచతురస్రాలు సర్వసమానాలు. కోణాలకు డిగ్రీల కొలత ఒక్కటే లెక్క. భుజాలు పొడుగ్గా గీసిన కోణం పెద్దదని పిల్లలు పొరపడడం సహజం. గడియారం ముల్లు పొడుగైతే గంట పెద్దదవుతుందా అని అడిగితే ఆ పొరపాటు వాళ్లకే తెలుస్తుంది.

అసలు విషయమంతా త్రిభుజం దగ్గర ఉంది.

అక్షరాల వరుస

ఒక త్రిభుజం శీర్షాలకు క, మ, ల అనీ, ఇంకోదాని శీర్షాలకు ప, వ, న అనీ పేర్లు పెడదాం. "కమల ≅ పవన" అని రాస్తే రెండూ సర్వసమానాలని చెప్పడంతో పని అయిపోదు. క వెళ్లి ప మీద, మ వెళ్లి వ మీద, ల వెళ్లి న మీద కూర్చుంటాయని కూడా ఆ రాతే చెబుతోంది. కాబట్టి కమ భుజానికి జత పవ, మల భుజానికి జత వన, మ కోణానికి జత వ కోణం. ఈ జతలను అనురూప భాగాలంటారు. వరుస మార్చి "కమల ≅ వపన" అని రాస్తే అది వేరే వాక్యం. చాలాసార్లు తప్పు వాక్యం కూడా. పరీక్ష పేపర్లలో ఉపపత్తి అంతా సరిగ్గా రాసి ఈ ఒక్కచోట మార్కు పోగొట్టుకునే పిల్లలు ఎందరో. దీన్ని చాదస్తమైన నియమమని కొట్టిపారేయడానికి లేదు. సర్వసమానత్వంలో ఏది దేనికి జత అన్నదే ప్రాణం.

ఎన్ని కొలతలు చాలు?

త్రిభుజానికి మూడు భుజాలు, మూడు కోణాలు, మొత్తం ఆరు భాగాలు. ఆరూ జతజతగా సరిపోతే రెండు త్రిభుజాలు సర్వసమానాలని వేరే చెప్పనక్కర లేదు. ఆరూ కొలవకుండానే ఆ మాట చెప్పగలమా అన్నది అసలు ప్రశ్న.

దీన్ని ఇద్దరు పిల్లలతో చేయించి చూడవచ్చు. ఒకరు కాగితం మీద త్రిభుజం గీసి దాచుకోవాలి. ఇంకొకరు గోడ అవతల కూర్చోవాలి. గీసినవాళ్లు కొలతలు ఒక్కొక్కటిగా గట్టిగా చెబుతుంటే అవతలివాళ్లు గీస్తూ పోవాలి. "ఒక భుజం 7 సెంటీమీటర్లు." ఈ ఒక్క కొలతతో ఎన్ని త్రిభుజాలైనా గీయవచ్చు. "ఇంకో భుజం 5." ఇప్పుడు రెండు పుల్లలు ఒక చివర మేకుతో కలిసినట్టు, తలుపులా తెరుచుకుంటూ మూసుకుంటూ ఉంటాయి. "ఆ రెండింటి నడుమ కోణం 60." తలుపు అక్కడ ఆగిపోయింది. మూడో భుజం తనంతట తానే ఏర్పడుతుంది, మిగిలిన రెండు కోణాలూ అంతే. ఇద్దరి కాగితాలూ కత్తిరించి ఒకదాని మీద ఒకటి పెట్టినప్పుడు అంచులు కలిస్తే పిల్లల ముఖాల్లో కనిపించే వెలుగు, నియమాన్ని నూరుసార్లు వల్లె వేయించినా రాదు. తెలుగు రాష్ట్రాల బడుల్లో ఈ పాఠం ఏడో తరగతిలో పరిచయమై తొమ్మిదిలో ఉపపత్తులతో మళ్లీ వస్తుంది. భు.కో.భు., కో.భు.కో., భు.భు.భు., లం.క.భు. అన్న పొట్టి పేర్లు మంత్రాల్లా నోటికి వచ్చేస్తాయి. ఆ పేర్లకు ముందు ఆ గోడ ఆట ఉండాలని ఈ వ్యాసకర్త నమ్మకం.

నాలుగు రకాల మూడు కొలతలు త్రిభుజాన్ని ఎటూ కదలనివ్వవు. మొదటిది రెండు భుజాలు, వాటి మధ్య కోణం (భు.కో.భు.). రెండోది రెండు కోణాలు, వాటి మధ్య భుజం (కో.భు.కో.). మూడోది మూడు భుజాలు (భు.భు.భు.). నాలుగోది రెండు కోణాలు, వాటి మధ్య లేని భుజం. ఇది నిజానికి రెండోదాని రూపాంతరమే, ఎందుకంటే మూడు కోణాల మొత్తం 180 డిగ్రీలు కాబట్టి రెండు తెలిస్తే మూడోదీ తెలిసినట్టే.

చాలని మూడు కొలతలూ ఉన్నాయి. మూడు కోణాలు చెబితే ఆకారం తెలుస్తుంది కానీ పరిమాణం తెలియదు. పాస్‌పోర్టు ఫోటోకూ దాన్ని పెద్దది చేసిన పటానికీ ఉన్న సంబంధం లాంటిది అది. దాన్ని సరూపత అంటారు. రెండు భుజాలు చెప్పి, వాటి మధ్యది కాని కోణం ఇస్తే ఇంకా చిత్రం జరుగుతుంది. క దగ్గర 30 డిగ్రీల కోణం గీయండి. ఒక గీత మీద క నుంచి 8 సెంటీమీటర్ల దూరంలో మ గుర్తించండి. వృత్తలేఖినిని 5 సెంటీమీటర్లకు తెరిచి, మ దగ్గర ముల్లు గుచ్చి చాపం గీయండి. ఆ చాపం రెండో గీతను రెండు చోట్ల కోస్తుంది. ఒకటి క నుంచి దాదాపు 3.9 సెంటీమీటర్ల దూరంలో, ఇంకోటి దాదాపు 9.9 సెంటీమీటర్ల దూరంలో. చెప్పిన కొలతలు అవే, వచ్చినవి రెండు త్రిభుజాలు. వృత్తలేఖిని 4 సెంటీమీటర్లు తెరిస్తే చాపం గీతను ఒక్కచోట తాకి ఊరుకుంటుంది. అక్కడ ఏర్పడేది లంబకోణం. 4 కన్నా తగ్గితే అసలు అందదు. లంబకోణ త్రిభుజాలకు కర్ణమూ ఒక భుజమూ సరిపోతే చాలన్న లం.క.భు. నియమం ఎందుకు విడిగా ఉందో ఈ బొమ్మ చూస్తే తెలుస్తుంది. లంబకోణం దగ్గర ఆ రెండో త్రిభుజానికి చోటు లేదు.

అయితే ఆరింటిలో ఐదు కలిస్తే? ఐదు కలిశాక ఆరోది కలవకుండా ఎలా ఉంటుందని అనిపిస్తుంది. భుజాలు 8, 12, 18 ఉన్న త్రిభుజం, 12, 18, 27 ఉన్న త్రిభుజం చూడండి. రెండోదాని ప్రతి భుజమూ మొదటిదానికి ఒకటిన్నర రెట్లు. కాబట్టి మూడు కోణాలూ సమానం. 12, 18 అన్న రెండు భుజాలూ రెండింటిలోనూ ఉన్నాయి. ఐదు భాగాలు సమానమే, అయినా సర్వసమానాలు కావు. మొదటిదాంట్లో 12 నడిమి భుజం, రెండోదాంట్లో అన్నిటికన్నా చిన్నది. సమానమైన భుజాలు ఉన్నాయి కానీ జతలు కుదరలేదు. అక్షరాల వరుస గురించి పైన అంత పట్టుబట్టింది ఇందుకే.

యూక్లిడ్ చేసిన పని, దాని మీద వచ్చిన అభ్యంతరం

క్రీ.పూ. 300 ప్రాంతంలో అలెగ్జాండ్రియాలో యూక్లిడ్ కూర్చిన ఎలిమెంట్స్ గ్రంథంలో 13 భాగాలున్నాయి. మొదటి భాగంలోని 48 ప్రతిపాదనల్లో నాలుగోది భు.కో.భు., ఎనిమిదోది భు.భు.భు., ఇరవై ఆరోది రెండు కోణాలు, ఒక భుజం. సర్వసమానం అన్న మాట ఆయన వాడలేదు, సమానం అన్న మాటతోనే సరిపెట్టాడు. ముప్పై అయిదో ప్రతిపాదనలో సమాంతర చతుర్భుజాలు సమానమని అనేటప్పటికి ఆ మాటకు వైశాల్యం సమానమన్న అర్థం వచ్చేసింది. మనకు రెండు వేరు మాటలుండడం అదృష్టం.

నాలుగో ప్రతిపాదనకు ఆయన ఇచ్చిన ఉపపత్తి ఇలా నడుస్తుంది. పవన త్రిభుజాన్ని ఎత్తి కమల మీద పెట్టు. ప ను క మీద, పవ భుజాన్ని కమ వెంబడి ఉంచు. పొడవులు సమానం కాబట్టి వ వెళ్లి మ మీద పడుతుంది. కోణాలు సమానం కాబట్టి పన భుజం కల వెంబడి వెళుతుంది, పొడవులు సమానం కాబట్టి న వెళ్లి ల మీద పడుతుంది. రెండు బిందువుల మధ్య సరళరేఖ ఒక్కటే, కనుక వన, మల ఒకటైపోతాయి. అంతే.

చదవడానికి ఎంత సహజంగా ఉందో అంత ఇబ్బందీ ఇందులో ఉంది. ఆకారాన్ని "ఎత్తి పెట్టడం" అంటే ఏమిటి? ఎత్తినప్పుడు అది మారలేదని ఎవరు చెప్పారు? మారలేదనుకోవడమంటే, ఎత్తకముందు ఆకారమూ పెట్టాక ఆకారమూ సర్వసమానాలని ముందే ఒప్పుకోవడం కాదా? 16వ శతాబ్దంలో ఫ్రెంచి పండితుడు జాక్ పెలెతియే ఈ పద్ధతిని తప్పుపట్టాడు. చివరికి 1899లో జర్మన్ గణితవేత్త డేవిడ్ హిల్బర్ట్ తన జ్యామితి పునాదుల గ్రంథంలో భు.కో.భు. సారాన్ని నిరూపించే ప్రయత్నం మాని స్వీకృతంగా నిలబెట్టాడు. మిగిలిన నియమాలను దాని నుంచి రాబట్టాడు. మన తొమ్మిదో తరగతి పుస్తకంలో భు.కో.భు. స్వీకృతంగా, కో.భు.కో. సిద్ధాంతంగా ఉండడానికి వెనక ఉన్న కథ ఇదే. ఎత్తి పెట్టడాన్నే పునాదిగా తీసుకునే దారి కూడా ఉంది. 1872లో ఫెలిక్స్ క్లయిన్ ఆ దారి వేశాడు. స్థానాంతరణం, భ్రమణం, పరావర్తనం అన్న కదలికలను ముందు నిర్వచించి, వాటికి చెక్కుచెదరని ధర్మాలను చదవడమే జ్యామితి అన్నాడు.

యూక్లిడ్ ఐదో ప్రతిపాదన, సమద్విబాహు త్రిభుజంలో భూమి దగ్గరి కోణాలు సమానమన్నది, ఐరోపా విద్యార్థులను ఎంత తిప్పలు పెట్టిందంటే దానికి గాడిదల వంతెన అని పేరు వచ్చిందంటారు. క్రీ.శ. 4వ శతాబ్దానికి చెందిన పాపస్ దాన్ని నాలుగు ముక్కల్లో తేల్చేశాడు. కమ, కల భుజాలు సమానమైన కమల త్రిభుజాన్ని తీసుకుని, దాన్నే వెనక నుంచి చదివి "కలమ" అనుకోండి. కమ = కల, కల = కమ, మధ్య కోణం రెండింటికీ ఒకటే. కాబట్టి కమల ≅ కలమ. అనురూప భాగాలు సమానం కనుక మ కోణం, ల కోణం సమానం. కొత్త గీత ఒక్కటీ గీయలేదు. ఒక త్రిభుజం తనకు తానే సర్వసమానం కావడంలో కూడా ఇంత విషయం దాగి ఉంటుంది.

ఎలిమెంట్స్‌ను సంస్కృతంలోకి తెచ్చింది జైపూరు రాజు సవాయి జయసింగు ఆస్థానంలోని జగన్నాథ సమ్రాట్టు. 18వ శతాబ్ది తొలి దశకాల్లో అరబ్బీ నుంచి చేసిన ఆ అనువాదం పేరు రేఖాగణితం. తెలుగునాట పాత తరం వాళ్లు బడిలో ఈ శాస్త్రాన్ని ఆ పేరుతోనే చదువుకున్నారు.

అంతకు చాలా ముందే ఇక్కడ సర్వసమాన ముక్కలతో పని జరిగింది. శుల్బసూత్రాల్లో చెప్పిన శ్యేనచితి, డేగ ఆకారపు యాగవేదిక, ఐదు వరసల్లో వరసకు 200 ఇటుకలతో పేర్చేది. ఒక్కో రకం ఇటుకలన్నీ ఒకే కొలతలో ఉండాలి, కింది వరస అతుకు మీద పై వరస అతుకు పడకూడదు. 12వ శతాబ్దపు భాస్కరాచార్యుడి బీజగణితంలో కర్ణం మీది చతురస్రాన్ని నాలుగు సర్వసమాన లంబకోణ త్రిభుజాలుగా, మధ్యలో ఒక చిన్న చతురస్రంగా విడదీసే నిరూపణ ఉంది. 3, 4, 5 కొలతలతో చూస్తే ఒక్కో త్రిభుజం వైశాల్యం 6, నాలుగూ కలిపి 24, నడిమి చతురస్రం 1. మొత్తం 25, అంటే 5 వర్గం.

నేల మీద

వృత్తలేఖినితో కోణాన్ని సగం చేయడం ఆరో తరగతి పిల్లలకూ వచ్చు. శీర్షం క నుంచి ఒక చాపం గీసి భుజాల మీద మ, ల గుర్తిస్తారు. ఆ రెండింటి నుంచి సమాన చాపాలు గీసి అవి కలిసే చోట న పెడతారు. కన కలిపితే కోణం సగమవుతుంది. ఎందుకవుతుందని అడిగేవాళ్లు తక్కువ. కమన, కలన త్రిభుజాల్లో కమ = కల, మన = లన, కన ఉమ్మడి భుజం. భు.భు.భు. ప్రకారం అవి సర్వసమానాలు, కాబట్టి క దగ్గరి రెండు కోణాలూ సమానం.

దిగకుండా కాలువ వెడల్పు కొలవాలా? అవతలి గట్టున ఒక చెట్టును గురి పెట్టుకోండి. దానికి సూటిగా ఎదురుగా ఇవతల గట్టున ఒక పుల్ల పాతండి. గట్టు వెంబడి 20 అంగలు వేసి రెండో పుల్ల, అదే వరుసలో ఇంకో 20 అంగలు వేసి మూడో పుల్ల పాతండి. మూడో పుల్ల దగ్గర కాలువకు వీపు పెట్టి, గట్టుకు లంబంగా పొలంలోకి నడవండి. వెనక్కి చూసినప్పుడు రెండో పుల్ల చెట్టుకు సరిగ్గా అడ్డం వచ్చిన చోట ఆగండి. మూడో పుల్ల నుంచి మీరు నడిచిన దూరమే మొదటి పుల్ల నుంచి చెట్టుకు ఉన్న దూరం. రెండు పక్కలా లంబకోణం, రెండో పుల్ల దగ్గర శీర్షాభిముఖ కోణాలు, నడుమ 20 అంగలు: కో.భు.కో. సముద్రంలో ఓడల దూరం చెప్పడానికి ప్రాచీన గ్రీకు పండితుడు థేల్స్ ఇలాంటి సిద్ధాంతమే వాడి ఉండాలని గణిత చరిత్ర రాసిన యూడెమస్ అన్నట్టు క్రీ.శ. 5వ శతాబ్దపు ప్రోక్లస్ రాశాడు.

భారతదేశపు పటం గీసిందీ ఈ నియమమే. 1802లో విలియం లాంబ్టన్ మద్రాసు పక్కన సెయింట్ థామస్ మౌంట్ దగ్గర దాదాపు 12 కిలోమీటర్ల ఆధార రేఖను గొలుసుతో కొలిపించాడు. ఆ తర్వాత ఎక్కువగా కొలిచింది కోణాలనే. ఒక భుజం, దాని రెండు చివరల కోణాలు తెలిస్తే త్రిభుజం ఇక మారడానికి వీల్లేదు. దాని మిగతా భుజాలు పక్క త్రిభుజాలకు ఆధారమవుతాయి. అలా త్రిభుజాలు అల్లుకుంటూ దక్కను మీదుగా ఉత్తరానికి సాగాయి. తరవాత శిఖరానికి పేరుగా మారిన జార్జ్ ఎవరెస్టు 1818లో లాంబ్టన్‌కు సహాయకుడిగా చేరింది హైదరాబాదులోనే.

మూడు పుల్లలను చివరలు కలిపి మేకులు కొడితే కదలవు. నాలుగు పుల్లలకు కొడితే పక్కకు ఒరుగుతాయి. పట్టెలు వదులైన నులక మంచం మూలలు వంకర పోవడం చూడనివాళ్లు ఉండరు. నాలుగు భుజాలూ మారలేదు, ఆకారం మారింది. భు.భు.భు. త్రిభుజానికి ఉన్న వరం, చతుర్భుజానికి లేదు. చతుర్భుజం గీయడానికి ఐదు కొలతలు కావాలి, ఉదాహరణకు నాలుగు భుజాలు, ఒక కర్ణం. వడ్రంగి ద్వారబంధం బిగించేటప్పుడు మూల నుంచి మూలకు రెండు వైపులా టేపు పట్టి చూసుకునేది ఆ ఐదో కొలతనే. రాజమండ్రి, కొవ్వూరు మధ్య 1974లో మొదలైన రోడ్డు-రైలు వంతెన ఉక్కు కమ్మీల్లో త్రిభుజం తరవాత త్రిభుజం కనిపించడానికి కారణమూ ఇదే.

బోర్లించవచ్చా?

ఎడమ కాలి చెప్పు, కుడి కాలి చెప్పు సర్వసమానాలేనా? అట్ట మీద అడుగులు గీసి కత్తిరిస్తే ఒకదాన్ని బోర్లించి రెండోదాని మీద పెట్టవచ్చు, కాబట్టి బొమ్మలుగా సర్వసమానాలే. చెప్పులుగా మాత్రం ఎలా తిప్పినా ఒకటి రెండోది కాదు. మచిలీపట్నం దగ్గర పెడనలో కలంకారీ అద్దకానికి టేకు చెక్క అచ్చులు వాడతారు. ఒక అచ్చు బట్ట మీద వేసే ముద్రలన్నీ ఒకదానికొకటి జరిపిన నకళ్లు. కానీ అచ్చుకూ ముద్రకూ మధ్య అద్దం ఉంటుంది. బట్ట మీద చిలక కుడివైపు చూడాలంటే చెక్క మీద ఎడమవైపు చూసేలా చెక్కాలి. పువ్వు లాంటి సౌష్ఠవమున్న బొమ్మకు ఈ తేడా కనబడదు.

బోర్లించడం అలా ఉంచి, కోయనిస్తే ఏమవుతుందో చూద్దాం. సమాన వైశాల్యమున్న ఏ రెండు బహుభుజులనైనా ఒకదాన్ని ముక్కలుగా కోసి రెండోదిగా పేర్చవచ్చని 19వ శతాబ్ది తొలి భాగంలో వాలెస్, బొల్యాయి, గెర్వీన్ విడివిడిగా నిరూపించారు. పైన చెప్పిన 40 అడుగుల చతురస్రాన్ని నడిమికి కోసి ముక్కలను చివర్లు కలిపి పెడితే 80 అడుగుల స్థలం వస్తుంది. ఘనాకారాలకు ఇది చెల్లదని హిల్బర్ట్ శిష్యుడు మాక్స్ డేన్ చూపించాడు. సమాన ఘనపరిమాణమున్నా ఘనాన్ని కోసి క్రమ చతుర్ముఖిగా పేర్చలేం. గోళం మీద ఇంకో వింత ఉంది. ఒకే గోళం మీద గీసిన రెండు త్రిభుజాల మూడు కోణాలూ కలిస్తే అవి సర్వసమానాలే. అక్కడ సరూపాలై సర్వసమానాలు కాని త్రిభుజాలు ఉండవు.

బోర్లించడం గురించిన ప్రశ్న ఈ మధ్యే మళ్లీ గణితవేత్తల ముందుకు వచ్చింది. ఒకే ఆకారపు సర్వసమాన పలకలతో నేలంతా ఖాళీ లేకుండా పరచాలి, కానీ ఆ అమరిక ఎక్కడా అచ్చు గుద్దినట్టు వరుసగా పునరావృతం కాకూడదు. అలాంటి పలక ఉందా అని దశాబ్దాలుగా వెతికారు. ఇంగ్లండులో వృత్తి గణితవేత్త కాని డేవిడ్ స్మిత్‌కు 13 భుజాల ఒక పలక దొరికింది. ముగ్గురు పరిశోధకులతో కలిసి 2023 మార్చిలో ఆయన దాన్ని ప్రకటించాడు. టోపీలా ఉంటుందని దానికి ఆ పేరే పెట్టారు. అయితే నేల నిండాలంటే దాదాపు ఏడు మామూలు పలకలకు ఒకటి చొప్పున బోర్లించిన పలక పెట్టాలి. ఒక వైపే మెరుగు పెట్టిన పింగాణీ పలకలు వేసే మేస్త్రీకి అది రెండో రకం పలకే. ఒకే పలక అన్న మాట నిలిచిందా లేదా అన్న చర్చ సాగుతుండగానే, అదే ఏడాది మే నెలలో అదే బృందం ఇంకో పలకతో వచ్చింది. దాని అంచులను వంపు తిప్పి కోస్తే, బోర్లించిన పలక మామూలు పలకల నడుమ ఇమడనే ఇమడదు. దాన్ని జరపడం, తిప్పడం మాత్రమే చేసి నేలంతా నింపవచ్చు.